ఎప్పుడూ ముప్పై ఏళ్ళ మామ

నా చదువు మానిపించింది ఒక తండ్రీ కొడుకూ. వాళ్ళది ఏ ఊరో, ఏం చేసుకుని బతికేవాళ్ళో నాకు ఈ రోజుకీ తెలియదు. తండ్రి వయసు కొడుకు వయసుకు మూడింతలని, పన్నెండేళ్ళు పోతే రెండింతలవుతుందని మాత్రం లెక్కల పుస్తకంలో రాసి ఉండేది. అయితే ఇప్పుడు ఎవరి వయసెంత అని నన్ను అడిగేవాళ్ళు. తండ్రికి తెలియక, కొడుకుకు తెలియక, వాళ్ళింట్లో ఆడవాళ్ళకూ తెలియక, జమ్మలమడుగు బస్టాండు పక్కన ఉగ్గాని అమ్మేవాళ్ళ పిల్లోడికి తెలుస్తుందా? పరీక్షలో తండ్రికి ఇరవై నాలుగు, కొడుకుకు నలభై అని రాసి వచ్చాను. లెక్కల అయ్యవారు ఆ కాగితం తరగతంతా తిప్పి చూపించి, "వీన్ని పై తరగతికి పంపిస్తే నన్ను కూడా నా కొడుక్కు కొడుకును చేస్తాడు" అన్నాడు. ఏడో తరగతి ఒకసారి తప్పాను, రెండోసారీ తప్పాను. మూడోసారి తప్పడానికి మా నాయన ఒప్పుకోలేదు.

ఇదంతా ఇప్పుడెందుకు గుర్తొచ్చిందంటే, మొన్న పులివెందులలో కేశవ మామ పోయాడని కబురొస్తే ప్రొద్దుటూరు నుంచి వెళ్ళాను. కేశవ మామ మా అమ్మకు తమ్ముడు. మనిషిని సాగనంపిన మర్నాడు ఆయన కొడుకులిద్దరూ వీధి మొగదలలో ఫ్లెక్సీ కట్టించాలని ఫోటో పంపితే, ఫ్లెక్సీ షాపు పిల్లోడు తిరిగి ఫోన్ చేసి వయసెంత వేయాలని అడిగాడు. పెద్దోడు ఆధార్ కార్డు చూసి డెబ్బై ఆరన్నాడు. చిన్నోడు ఎనభై అన్నాడు. పక్కింటాయన "ఎనభై ఐదెయ్యండప్పా, నిండుగా ఉంటాది" అన్నాడు. గడప పక్కన గోడకు ఆనుకుని కూర్చున్న మా అక్క ఈశ్వరమ్మ తల ఎత్తకుండానే, "నా వయసుకు పద్దెనిమిది కలపండి" అంది. "నీ వయసెంత వదినా?" అని అడిగాడు చిన్నోడు. "అది నా కార్డులోనూ తప్పేలే నాయనా" అంది అక్క. చావింట్లో అంతమందీ నోటికి తువ్వాలు అడ్డం పెట్టుకుని నవ్వారు. చివరికి వయసు లేకుండానే ఫ్లెక్సీ కట్టారు. నాకు మాత్రం ఆ పద్దెనిమిది అనే మాట చెవిలో పడగానే మా పాత ఇల్లు, నూనె వాసన, అవ్వ వక్కాకు దంచే చప్పుడు అన్నీ ఒక్కసారే వచ్చి మీద పడ్డాయి.

మా ఇల్లూ హోటలూ ఒకటే. ముందు రెండు బెంచీలు, వెనక మేము. తెల్లవారక ముందే అమ్మ ఉగ్గానికని బొరుగులు నీళ్ళలో వేసి, రెండు చేతులతో పిండి, జల్లెడ బుట్టలో ఆరేసేది. నాయన పెద్ద బాణలిలో ఎర్రగడ్డలు, పచ్చిమిరపకాయలు, పసుపు వేసి తిప్పుతూ ఉంటే ఆ ఘాటుకు మా వీధిలో పిల్లలందరూ తుమ్ముకుంటూ లేచేవాళ్ళు. చివర్లో చల్లే పప్పుల పొడి వాసన వచ్చిందంటే మొదటి బస్సు వచ్చే వేళయిందని లెక్క. పక్క పొయ్యి మీద మిరపకాయ బజ్జీలు. ఆ నూనె నా చొక్కాలోనే కాదు, నా చదువులోనూ ఇంకింది. నా నోటుబుక్కు వెలుతురుకు ఎత్తి పట్టుకుంటే ఈ పక్క లెక్కలోంచి ఆ పక్క లెక్క కనిపించేది. నా జవాబులు తప్పడానికి అదే కారణమని చాలాకాలం చెప్పుకున్నాను. అయ్యవారు కూడా రోజూ మా బెంచీ మీదే ఉగ్గాని తినేవాడు కాబట్టి గట్టిగా కాదనలేకపోయేవాడు.

అమ్మ వాళ్ళమ్మ, మా అవ్వ, పులివెందుల దగ్గర చీనీతోటలో కేశవ మామతో ఉండేది. కాయలు కోసే పని అయిపోయాక మామ ఆమెను బస్సెక్కించుకుని, గోనెసంచిలో చీనీకాయలు, అదే బత్తాయిలు, మోసుకుని వచ్చి, మా ఇంట్లో దింపి పోయేవాడు. అవ్వకు పళ్ళు లేవు. చిన్న ఇనుప రోట్లో వక్కా ఆకూ వేసి పొద్దంతా టకటకా దంచుకునేది. ఆ చప్పుడును బట్టి అవ్వ మనసు చెప్పేయొచ్చు. మెల్లగా దంచుతుంటే పాత సంగతులు తలుచుకుంటోందని, గబగబా దంచుతుంటే మా నాయన మీద కోపమని. చప్పుడు ఆగిపోయిందంటే మాత్రం ఇంట్లో ఎక్కడివాళ్ళక్కడ ఆగి అటు చూసేవాళ్ళం.

మా అక్క పుట్టినప్పుడు ఉయ్యాల దగ్గర నిలబడి "నా కొడుక్కు పెండ్లాం పుట్టింది" అందట అవ్వ. మా పక్క అది తమాషా మాట కాదు. అక్క కూతురు తమ్ముడికి అన్నది మాటలాడుకోనక్కర్లేని సంగతి. ఆ ఒక్క మాటతో ఇద్దరి బతుకులూ ఒక కొయ్యకు కట్టేసినట్టయింది. మామకు వేరే పిల్లను చూద్దామని ఎవరూ అనలేదు. మా అక్కను అడగడానికి ఎవరూ గడప తొక్కలేదు. మామ తోట చూసుకుంటూ, బావిలో పూడిక తీయించుకుంటూ, ఒక పిల్ల పెద్దదయ్యేదాకా కాచుకుని కూర్చున్నాడు. కాచుకున్నాడని మేమనుకున్నాం. ఆయన్ను ఎవరూ అడగలేదు. వచ్చినప్పుడల్లా అక్కకు గాజులో రిబ్బనో తెచ్చి, చిన్నపిల్లకిచ్చినట్టే నెత్తిన చేయి పెట్టి ఇచ్చేవాడు.

నేను ఆరో తరగతిలో ఉండగా అయ్యవారు వయసుల లెక్కలు మొదలుపెట్టాడు. నాకు ఎంతకీ తలకెక్కకపోతే, "పుస్తకంలో మనుషులు నీకు అచ్చిరాలేదు గానీ, మీ ఇంట్లో మనుషుల్ని పెట్టుకోరా. ఒకటి గుర్తుంచుకో, ఇద్దరి మధ్య తేడా యెన్నేండ్లయినా మారదు" అన్నాడు. సరే అని ఇంటికొచ్చి అమ్మను అడిగాను, అక్కకు ఎన్నేళ్ళని. "ఇరవై" అంది. పోయినేడు బడిలో ఏదో పనికి అడిగితే పద్దెనిమిది అన్న సంగతి నాకు గుర్తుంది. అవ్వను అడిగాను, మామకు ఎన్నేళ్ళని. "ముప్పై" అంది. అదీ పోయినేడు ముప్పైయే, అంతకుముందు ఏడూ ముప్పైయే. మా మామ ఆ వయసులో చాలాకాలం హాయిగా కాపురమున్నాడు.

మర్నాడు తరగతిలో లేచి నిలబడి, "తేడా మారదన్నారు గదా సార్, మా ఇంట్లో మారతాంది" అన్నాను.

"యెట్ల మారతాదిరా?"

"పోయినేడు మామకూ అక్కకూ పన్నెండేండ్ల తేడా సార్. ఈ యేడు పదే. ఇట్లే పోతే ఐదేండ్లకు ఇద్దరూ ఒక ఈడోళ్ళయితారు. ఆరో యేటికి మా అక్క మామకు అక్కయితాది."

తరగతి పడీ పడీ నవ్వింది. అయ్యవారు మొదట బెత్తం అందుకున్నాడు గానీ, నా మొహం చూసి మళ్ళీ బల్ల మీద పెట్టేశాడు. "నీ లెక్కలో తప్పు లేదురా ఓబులేసూ" అన్నాడు. "మీ ఇంట్లో పెండ్లి మాటలు నడుస్తాండాయి. పెండ్లి మాటలు అయిపోయినంక తేడా మళ్ళీ సరిపోతాదిలే, కూర్చో." నా బడి చదువంతటిలో నా లెక్క సరైందని ఒక మనిషి అన్నది ఆ ఒక్కసారే. అందుకే ఆ రోజు ఇంత వివరంగా గుర్తుంది.

అక్క ఎనిమిదో తరగతితో బడి మాని హోటల్ పనిలో పడింది. నాకు ఇంట్లో లెక్కలు చెప్పేది ఆమే. పక్కింటి మాబున్ని ఆమెకు స్నేహితురాలు. వాళ్ళ నాయన తగరం డబ్బాలకు మాట్లు వేసేవాడు. మధ్యాహ్నాలు ఇద్దరూ పెరట్లో కూర్చుని ఎర్రగడ్డలు వలిచేవాళ్ళు. నేను ఆ బుట్టల వెనక నీడకు పడుకునేవాడిని. ఒకరోజు ఎర్రగడ్డలకు కారే నీళ్ళకంటే ఎక్కువ నీళ్ళు అక్క కళ్ళలో చూశాను.

"వద్దని చెప్పు మరి. నోరు లేదా?" అంటోంది మాబున్ని.

"ఎవురికి చెప్పల్లమే? మామంటే నాకు నాయన తర్వాత నాయన. భుజాల మీద ఎక్కిచ్చుకోని తిరునాళ్ళకు తోలుకపోయినోడు. నువ్వు నాకొద్దని ఆయప్ప మొగమ్మీద చెప్తే, మళ్ళా ఆ మొగం యెట్ల సూడల్ల?"

"మీ అమ్మకు చెప్పు."

"అమ్మకు చెప్తే అవ్వకు చెప్తాది. అవ్వ ఇంగ ఈ గడప తొక్కదు. అమ్మకు పుట్టిల్లే లేకుండా పోతాది. వద్దనే మాట ఎవురి నోట్లోంచి వచ్చినా వాళ్ళు చెడ్డోళ్ళయితారుమే."

మాబున్ని ఇంకో ఎర్రగడ్డ అందుకుంది. ఆమెకు గల్ఫులో ఉన్న మేనత్త కొడుకుతో సంబంధం కుదిరి ఉంది. ఆమె బాధలు వేరే.

ఆ చలికాలం ఒక ఆదివారం సాయంత్రం మామ అవ్వను తోలుకొచ్చాడు. ఈసారి ఊరికే దింపి పోవడానికి కాదు, ముహూర్తం మాటలకు. నాయన బాణలి దించి, బెంచీలు లోపలికి వేయించాడు. అవ్వ గోడకు ఆనుకుని వక్కాకు దంచుతోంది, మెల్లగా, సంతోషంగా. మామ నేల మీద కూర్చుని చీనీకాయ తొక్క తీస్తున్నాడు. ఆయన తీస్తే తొక్క తెగకుండా ఒకటే చుట్టగా వచ్చేది. నేను లాంతరు కింద నోటుబుక్కు ముందేసుకుని ఉన్నాను. అక్క మంచినీళ్ళ చెంబు పెట్టడానికి వచ్చినట్టు వచ్చి, నా పక్కన వంగి, "ఈ లెక్క కూడా రాసుకోరా, రేపు అయ్యోరు అడుగుతాడు" అని మెల్లగా చెప్పి రాయించి, వంటింట్లోకి పోయింది.

నేను యాభై నాలుగును సగం చేసి, "వచ్చేసింది! ఇద్దరికీ ఇరవై యేడు!" అని అరిచాను.

"ఎవురికిరా?" అన్నాడు నాయన.

"ఒక అమ్మాయికీ, వాళ్ళ మామకూ."

"మామా కోడలూ ఒకే ఈడు యాడన్నా ఉంటారారా? సరిగ్గా సదువు."

గట్టిగా చదివాను. ఒక అమ్మాయి పుట్టినప్పుడు ఆమె మామకు ఎన్నేళ్ళో, ఇప్పుడు ఆ అమ్మాయికి అన్నేళ్ళు. ఇద్దరి వయసులూ కలిపితే యాభై నాలుగు. ఎవరి వయసెంత?

ఇంకో సీమలో అయితే ఇది లెక్క. కాగితం తీసి పెన్సిలు పెడతారు. మా ఇంట్లో మామ, అమ్మాయి అనే రెండు మాటలు పక్కపక్కన పడితే అది సంబంధమే. అవ్వ దంచడం ఆపకుండానే అందుకుంది. "ఆ పిల్ల పుట్టేటప్పటికే వాడు ఇప్పుడా పిల్ల ఉన్నెంత ఉండ్యా? అంటే పెండ్లీడు మొగోడు! అంతవోనికి ఇస్తాండారా ఆ పిల్లను? యా ఊరోళ్ళురా వాళ్ళు?"

"ఊరు రాయలేదవ్వా."

"యాల రాస్తారు, సిగ్గుండల్ల గదా. తల్లికి కండ్లు పోయినాయా?"

"లెక్కే అయినా అన్యాయమేలేమ్మా" అంది మా అమ్మ, చాటలో బియ్యం ఏరుకుంటూ. "పిల్లకు నలభై వచ్చేతలికి ఆయప్ప ముసిలోడు. పాపం ఎవురు కన్నబిడ్డో."

నాయన కూడా ఊరుకోలేదు. "రెండో పెండ్లేమో ఆయప్పది" అన్నాడు. అలా ముగ్గురూ కలిసి, ఊరూ పేరూ లేని ఆ ఇంటి పరువు తీస్తున్నారు. నాకు మాత్రం జవాబు కావాలి. "ఎంతో చెప్పండి ముందు, రేపు నన్ను కొడతారు" అని గొడవపెట్టాను.

అప్పటిదాకా మాట్లాడని మామ చేతిలో కాయ పక్కన పెట్టాడు. నా నోటుబుక్కు తీసుకోలేదు, పెన్సిలు అడగలేదు. వంటింటి తలుపు వైపు కాసేపు చూశాడు. అక్కడ చప్పుడు లేదు. తర్వాత నాతో, "మూడు పాళ్ళు చెయ్ అబ్బీ" అన్నాడు. "పిల్లదొక పాలు. మామ అప్పుడే అంతుండె, మళ్ళా అన్నేండ్లు గడిచె, కాబట్టి ఆయప్పవి రెండు పాళ్ళు. యాభై నాలుగులో మూడో పాలు పద్దెనిమిది. పిల్లకు పద్దెనిమిది, మామకు ముప్పై ఆరు. రాసుకో."

"సూస్తిరా! ముప్పై ఆరేండ్లోడు!" అంది అవ్వ.

"ఆయప్పను తిట్టొద్దుమా" అన్నాడు మామ. "ఆయప్ప నేనే."

వక్కాకు చప్పుడు ఆగిపోయింది. అమ్మ చేతిలో చాట అలాగే ఉండిపోయింది. అవ్వ, అలవాటు కొద్దీ, "నీకు ముప్పైయే గదరా" అంది.

మామ నవ్వాడు. "ఈశ్వరి పుట్టిన పొద్దు మంత్రసానిని బండ్లో తోలుకొచ్చింది నేనే గదమ్మా. లోపలికి పోతా పోతా ఆయమ్మ నన్ను అడిగింది, 'బిడ్డ తండ్రివి నువ్వేనా అబ్బీ' అని. నాకు ముప్పై అయితే ఆ పొద్దు పన్నెండు. పన్నెండేండ్లోన్ని జూసి ఎవురన్నా ఆ మాట అడుగుతారా?"

మామే మళ్ళీ అన్నాడు, ఈసారి నవ్వకుండా. "దీని ముడ్డి కడిగిన చేతులుమా ఇయ్యి. ఈ చేతుల్తో తాళి యెట్ల కట్టల్ల? ఇది పుట్టినప్పుడే నువ్వు అనేస్తివి. నేను కాదంటే నీ మాట పోతాది, అక్క బాధపడతాదని గమ్మునుంటి. నాకే చెప్పను రాకపోతే, ఆ పిల్లకు యెట్ల వస్తాది?"

వంటింటి తలుపు వెనక మా అక్క ఏడ్చింది. మామ లేచి వెళ్ళి, తలుపు సందులోంచి చేయి చాపి, ఒలిచిన చీనీ తొనలు అందించాడు. "తినుమ్మా. పుల్లగా లేవులే" అన్నాడు. ఆ సాయంత్రం మా ఇంట్లో వద్దనే మాట ఎవరి నోట్లోంచీ రాలేదు. పెళ్ళి మాత్రం ఆగిపోయింది. పైగా ఆ సంబంధం అన్యాయమని తీర్పు చెప్పింది అవ్వ, అమ్మ, నాయన. వాళ్ళ తీర్పు వాళ్ళే ఎలా కాదంటారు? అవ్వ మర్నాడు మొదటి బస్సుకే వెళ్ళిపోయింది. చాలా నెలలు మా ఇంటి మొహం చూడలేదు. చీనీకాయల సంచి మాత్రం మామ చేతి మీదుగా వస్తూనే ఉంది. సంచి రాగానే అమ్మ ముందు దాన్ని వాసన చూసి, తర్వాత కళ్ళు తుడుచుకునేది.

అక్కను ప్రొద్దుటూరులో బట్టల అంగట్లో పనిచేసే మా బావకిచ్చారు. నాలుగేళ్ళే పెద్ద. ఆ సంబంధం తెచ్చిందీ, పందిట్లో నిలబడి అందరికీ వడ్డించిందీ మామే. మరుసటి ఏడు ఆయనా పెళ్ళి చేసుకున్నాడు. పెళ్ళికూతురు వేంపల్లెలో కుట్టుపని చేసుకుంటూ, చెల్లెళ్ళ పెళ్ళిళ్ళు చేసేసరికి తన పెళ్ళి వెనకబడిపోయిన మనిషి. ఆమె ఇంటికి రాగానే చేసిన మొదటి పని అవ్వను మా ఇంటికి తోలుకురావడం. అవ్వ గడపలో నిలబడి, "ఏమ్మే, వక్కలుండాయా ఇంట్లో?" అని అడిగింది. క్షమాపణలూ అలకలూ అంతటితో సరి.

ఇప్పుడు వయసులు దాచేందుకు లేదు. అన్నిటికీ కార్డుంది, కార్డులో తప్పున్నా ఆ తప్పు మారదు. మా అక్క మనవరాలు తనకొచ్చిన సంబంధం ఫోటో చూసి, అన్నం తింటూ తింటూనే "నాకొద్దు" అంది. వాళ్ళమ్మ "సరే, పెరుగేసుకో" అంది. అయిపోయింది. చూసి నాకు ఎంత హాయిగా అనిపించిందో చెప్పలేను. అంత చిన్న మాట కోసం మా అక్క ఎన్ని బుట్టల ఎర్రగడ్డలు వలిచిందో నాకు తెలుసు. అయినా, కాదన్న మాట ఎదుటి మనిషికి తగలకుండా దాని చుట్టూ అంత మెత్త పెట్టే ఓపిక ఇప్పుడెవరికీ లేదు. ఆ మెత్తలోంచి అసలు సంగతి పట్టుకుని, అది తనమీద వేసుకునే మామలూ తక్కువే. తేడా మారదన్న అయ్యవారి మాట నిజమే గానీ, ఆయన చెప్పనిది ఇంకొకటుంది. ఆ రోజు అక్కకు రెండింతలున్న మామ, పోయే నాటికి ఆమె పక్కన కూర్చుంటే ఇద్దరూ ముసలివాళ్ళే, ఒకే రకం మందుల డబ్బా. ఇక ఆ పద్దెనిమిదీ ఏటికొకటి చొప్పున తగ్గుతూ పోతుంది. మామ ఆగిపోయాడు, అక్క నడుస్తోంది.

దినాలు ముగిసిన రోజు, బస్సుకు ఇంకా సమయం ఉంటే, అక్కా నేనూ మామ ఇంటి అరుగు మీద కూర్చున్నాం. మామ పిల్లలు తెచ్చిపెట్టిన కాయ ఒకటి అక్క చేతిలో ఉంది, ఒలవకుండా పట్టుకుని కూర్చుంది. ఆమెను కాస్త నవ్విద్దామని నేనే మొదలుపెట్టాను. "ఏమన్నా అనక్కా, ఆ పొద్దు నీ బతుకు నిలబెట్టింది నేనే. లెక్క నువ్వే కట్టింటావు, విప్పింది మామే, కాదన్లే. అంతమంది పెద్దోళ్ళ నడుమ నోరు తెరిచి అడిగే తెలివి ఎవురికుండె? ఇంట్లో ఇంకొకన్ని పెట్టుకున్నింటే పని జరుగుతాండెనా?"

అక్క నా వైపు తిరిగింది. ఈ వయసులోనూ ఆమె చూపు లెక్క తప్పు చేసినప్పుడు చూసినట్టే ఉంటుంది.

"నీ తెలివిని ఎవురు నమ్ముకున్న్యార్రా? నీకు లెక్క రాదని నమ్ముకుంటి. వచ్చింటే నోట్లోనే చేసుకోని, జవాబు రాసుకోని, గమ్మున పండుకునేటోనివి. నా ముహూర్తం ఆడ్నే పెట్టేసేటోళ్ళు."